నీలం కర్టెను మార్చకూడదు

ఆ ఆదివారం ఉదయం తొమ్మిదిన్నరకి డైరెక్టరుగారి బావమరిది మీసం లేకుండా వచ్చాడు.

గొడుగు మూలన పెట్టాడు. "కాఫీ ఉందా అక్కా" అని వంటింట్లోకి ఒక కేక వేశాడు. ఎప్పుడూ కూర్చునే కుర్చీలో కూర్చుని పేపరు విప్పాడు. కెమెరా స్టాండు కాళ్ళు సర్దుతున్న డైరెక్టరు తలెత్తి చూసి, ఎంతో మర్యాదగా, "ఎవరు కావాలండీ?" అన్నాడు.

"నేనే బావా."

"నువ్వా?"

"నేనే."

"మీసమేదీ?"

"తీసేశాను."

"ఎప్పుడు?"

"గురువారం. బ్యాంకులో కొత్త కార్డులకి ఫొటోలు తీస్తామన్నారు. ఆరేళ్ళయింది కదా, కింద మొహం ఎలా ఉందో ఒకసారి చూద్దామనిపించింది."

"చూశావా?"

"చూశాను. ఫరవాలేదు."

డైరెక్టరు స్టాండు మూడో కాలు బిగించడం మరిచిపోయి నేలమీద చతికిలబడ్డాడు. స్టాండు కూడా మెల్లగా ఆయన పక్కనే ఒరిగింది. కాఫీ తెచ్చిన భార్య ఇద్దరినీ, స్టాండునీ చూసి, తమ్ముడి మొహం దగ్గర ఆగింది.

"ఒరేయ్, అచ్చం నాన్నలా ఉన్నావురా."

"నాన్నకి మీసం ఉండేది కదే!"

"అవుననుకో. ఆ మీసం తీసేసుంటే ఇలాగే ఉండేవాడని."

ఇందులో డైరెక్టరు నేలమీద కూలబడేంత సంగతి ఏముందని ఎవరికైనా అనుమానం రావచ్చు. సంగతి ఏమిటంటే, ఆ మీసం బావమరిది మూతిమీద ఉన్నమాటే గానీ ఆరేళ్ళుగా అది అతని సొంతం కాదు. సినిమాది. ఆ సినిమాకి ఇంక ఒకే ఒక్క సీను మిగిలింది. పక్క ఊళ్ళో చిన్న సినిమాల ప్రదర్శన పెడుతున్నవాళ్ళు, సగం సగం చూసిన ముక్కలు నచ్చి, మూడు వారాల్లో పూర్తిచేసి పంపితే వేస్తామని ఉత్తరం రాశారు. పంపకపోతే ఆ సినిమా ఇంక ఎక్కడా పడదు. ఆ సంగతి మిగతావాళ్ళ కంటే డైరెక్టరుకే బాగా తెలుసు. ఆయన వయసు యాభై మూడు. ఇంకో ఆరేళ్ళు ఆదివారాలు ఇమ్మని ఇంట్లోవాళ్ళని అడిగే మొహం ఆయనకి లేదు.

వీధిలో అందరూ ఆయన్ని డైరెక్టరుగారనే పిలుస్తారు. ఆ పిలుపులో గౌరవం ఎంత, వెటకారం ఎంత అన్నది పిలిచేవాళ్ళు ఆయన సినిమా చూశారా లేదా అన్నదాన్ని బట్టి ఉంటుంది. ఇస్త్రీ షాపాయన ఒక్కటీ చూడలేదు కాబట్టి నిండు గౌరవంతో పిలుస్తాడు.

నిజానికి ఆయన డైరెక్టరే కాదు, నిర్మాత కూడా. డైరెక్టరు అనుకున్న వేళకి పని పూర్తిచెయ్యడం లేదని నిర్మాత విసుక్కునేవాడు. నిర్మాతకి కళ అంటే ఏమిటో తెలియదని డైరెక్టరు గొణిగేవాడు. ఇద్దరూ రోజూ ఒకే అద్దం ముందు గడ్డం గీసుకునేవాళ్ళు గనక గొడవ ఎప్పుడూ బయటికి పొక్కలేదు.

కడుపు నింపిన పని మాత్రం వేరు. ఫ్యాక్టరీలకీ ఆఫీసులకీ జాగ్రత్తలు చెప్పే చిన్న చిన్న వీడియోలు తీసిపెట్టేవాడు. మెట్లు దిగేటప్పుడు రెయిలింగు పట్టుకోవాలి, తడి నేలమీద పరిగెత్తకూడదు, బరువు ఎత్తేటప్పుడు నడుము కాదు మోకాళ్ళు వంచాలి. మంటలార్పే సిలిండరు వాడే పద్ధతిమీద ఆయన తీసిన ఏడు నిమిషాల వీడియో పదమూడేళ్ళుగా కొన్ని వందల ఆఫీసుల్లో నడుస్తోంది. ఆయన తీసినవాటిలో ఎక్కువమంది చూసినది అదే. చూడకపోతే జీతం ఆపేస్తారు మరి. ఒకసారి బస్సులో ఎవరో గుర్తుపట్టి, "మీరు సినిమాలు తీస్తారు కదూ? ఆ సిలిండరు పిన్ను లాగే సీను చాలా బాగుందండీ" అన్నాడు. ఇంటికొచ్చి ఆ మాట రెండుసార్లు చెప్పుకున్నాడు. మూడోసారి మొదలుపెట్టబోతుంటే భార్య కుక్కరు మూత పెట్టేసింది.

సొంత సినిమాల్లో మొదటిది ఒక లిఫ్టు నడిపే మనిషి కథ. మొత్తం లిఫ్టులోనే తీశాడు. లిఫ్టు ఆపి తీస్తే ఆ బిల్డింగువాళ్ళు ఊరుకోరు గనక నడుస్తుండగానే తీశాడు. దాంతో హీరో కన్నీళ్ళు పెట్టుకునే ఘట్టంలో నాలుగో అంతస్తు నుంచి ఒకావిడ మిక్సీతో సహా ఎక్కి, రెండో అంతస్తులో దిగిపోతుంది. ఆ సినిమా గురించి ఒక పేపర్లో ఒకే ఒక్క వాక్యం వచ్చింది: "వెలుతురు బాగుంది." ఆ వెలుతురు లిఫ్టులోని ట్యూబులైటుది. అయినా ఆ ముక్క కత్తిరించి పర్సులో దాచుకున్నాడు.

రెండో సినిమా నిండా మాటలే. ఇంట్లో తీశారు. ముప్పై రోజులు తీసి, కూర్చుని వింటే, ప్రతి మాట వెనకా ఫ్రిజ్జు గుర్రుపెడుతోంది. అప్పటినుంచి షూటింగు మొదలయ్యే ముందు ఫ్రిజ్జు ఆపడం నియమం. ఆపినదాన్ని మళ్ళీ వెయ్యడం మరిచిపోయి రెండుసార్లు పాలు విరిగిపోయాక, స్కూటరు తాళాలు ఫ్రిజ్జులో పెట్టడం ఇంకో నియమం. తాళాల కోసం ఫ్రిజ్జు తెరిస్తే చీకటిగా ఉంటుంది, స్విచ్చు గుర్తొస్తుంది. ఈ ఉపాయం మీద ఆయనకి లోలోపల చాలా గర్వం. ఆదివారం సాయంత్రాలు కూరగాయలకి వెళ్ళబోతూ ఆయన భార్య టమాటాల మధ్య చెయ్యిపెట్టి తాళాలు వెతుక్కోవడం చూసి, ఈ ఇంట్లో ఏదో తేడాగా ఉందని పక్కింటివాళ్ళు చాలాకాలం భయపడ్డారు.

ఇక మూడోది, ఈ సినిమా. కథ మూడు ముక్కల్లో చెప్పొచ్చు. ఒకాయన ఉదయం ఇంట్లో అలిగి, టీ సగంలో వదిలేసి, "ఇంక ఈ ఇంటికి రాను" అని వెళ్ళిపోతాడు. రోజంతా ఊరు తిరుగుతాడు. సాయంత్రం తిరిగొస్తే కూతురు తలుపు తీస్తుంది. ఎవరూ ఏమీ అడగరు. సగం టీ బల్లమీద అలాగే ఉంటుంది. అంతే.

కథ ఒక్కరోజుది. తియ్యడానికి ఆరేళ్ళు పట్టింది.

హీరో బావమరిది. బ్యాంకులో కేషియరు గనక ఆదివారాలే దొరుకుతాడు. హీరో భార్య వేషం డైరెక్టరు భార్యది; అక్కాతమ్ముళ్ళు కాబట్టి ఇద్దరినీ ఎప్పుడూ ఒకే షాటులో చూపించలేదు. ఆవిడ లెక్కల టీచరు, పరీక్షల రోజుల్లో ఆదివారాలు కూడా దొరకదు. కూతురి వేషం డైరెక్టరు కూతురిదే. ఇల్లు వీళ్ళ ఇల్లే. వాన పడితే షూటింగు లేదు, ఎండ ఎక్కువైతే లేదు, పక్కింట్లో డ్రిల్లింగు ఉంటే లేదు. ఇలా ఏడాదికి ఏ అయిదారు పూటలో కుదిరేవి.

కథలో ఒక్కరోజే గనక ఆ ఆరేళ్ళూ ఇంట్లో ఏదీ మారడానికి వీల్లేదు. సినిమావాళ్ళు దాన్ని కంటిన్యుటీ అంటారు. ఇంట్లోవాళ్ళు దానికి పెట్టుకున్న పేర్లు ఇక్కడ రాయకపోవడమే మంచిది. ముందుగది నీలం కర్టెను మార్చకూడదు. గోడకి రంగు వెయ్యకూడదు. సోఫా కుడి చెయ్యి చిరిగింది, కుట్టించకూడదు. ఆకుపచ్చ గీత ఉన్న టీ కప్పులో ఎవరూ టీ తాగకూడదు. చుట్టాలొచ్చి, "ఏంటే, ఇంకా ఇదే కర్టెనా?" అని జాలిపడితే, ఆయన భార్య, "అది నాది కాదొదినా, సినిమాది" అనేది. బావమరిది లావెక్కకూడదు. ఒక ఏడాది ఎక్కాడు. ఆ ఏడాది వీపువైపు నుంచి తీశారు.

ఇవన్నీ కాపాడేది ఒక నోటుబుక్కు. మొదటిరోజే డైరెక్టరు భార్య చేతికి ఆ పుస్తకం ఇచ్చి, "తీసిన ప్రతిపూటా ఇంట్లో ఏది ఎలా ఉందో రాసిపెట్టు. ఏదీ వదలొద్దు" అన్నాడు. లెక్కల టీచరు గనక ఆవిడ గళ్ళు గీసుకుంది. కప్పు, కర్టెను, గడియారం, మీసం, గౌను. షూటింగుకి ముందు ఆయన అడుగుతాడు, ఆవిడ చదువుతుంది.

"కప్పు?"

"పిడి కిటికీవైపు. టీ సగానికి వేలెడు కింద."

"కర్టెను?"

"ఎడమది మూడు మడతలు. కుడిది బల్లకి తగులుతోంది."

"శభాష్."

ఇంతటి కట్టుదిట్టాల మధ్య, ఆఖరి సీను రోజున, మీసం లేకుండా వచ్చాడు బావమరిది.

"పెరగడానికి ఎన్నాళ్ళు పడుతుందిరా?" అన్నాడు డైరెక్టరు, నేలమీద నుంచే.

"ఆ సైజు రావాలంటే రెండు నెలలు బావా."

"మనకున్నది మూడు వారాలు."

"అయితే సాయంత్రానికి ఆయన మీసం తీయించుకొచ్చాడని పెట్టండి. కోపంలో మనుషులు చేస్తారు అలాంటివి."

"నా హీరో మంగలిషాపుకి వెళ్ళడం కోసం ఇల్లు వదలలేదురా!"

మర్నాడు నాటకాల సామాను అమ్మే దుకాణం నుంచి ఒక అంటించే మీసం వచ్చింది. అది పాత మీసానికి రెండింతలుంది. టీచరుగారు నోటుబుక్కు తెరిచి, కొలతలు చూసి, కుట్టుపని కత్తెరతో గంటన్నర కూర్చుని దాన్ని సరిచేసింది. మధ్యలో తమ్ముడు తుమ్మాడు. మళ్ళీ మొదటికొచ్చింది.

ఆ తరవాతి ఆదివారం సాయంత్రం ఆఖరి సీను తీశారు. హీరో తలుపు తడతాడు, కూతురు తీస్తుంది, ఇద్దరూ ఒకళ్ళనొకళ్ళు చూసుకుంటారు, ఆయన లోపలికొస్తాడు. పన్నెండుసార్లు తీయాల్సి వచ్చింది. మాట్లాడితే చాలు మీసం ఎడమ కొన పైకి లేస్తుంది. ఆ సీనులో మాటలే లేవు గానీ బావమరిదికి ఊపిరి పీల్చే అలవాటుంది. డైరెక్టరు కెమెరాకి కన్ను అంటించి ఆ ఎడమ కొనని తప్ప లోకంలో ఇంకోదాన్ని చూడలేదు.

"నాన్నా, నేను సరిగ్గా చేశానా?" అంది కూతురు, పన్నెండోసారి అయ్యాక.

"నువ్వా? నీకేమ్మా, అదే గౌను, అదే జడలు. నిన్ను చూసుకోనక్కర్లేదు."

కూతురు అమ్మవైపు చూసింది. అమ్మ నోటుబుక్కులో ఏదో రాసుకుంది. డైరెక్టరు ఫ్రిజ్జులోంచి తాళాలు తీసుకుని, ఆరేళ్ళలో మొదటిసారి ఈల వేసుకుంటూ బయటికి వెళ్ళాడు.

ఎడిటింగు గది కళ్ళజోళ్ళ షాపు మీద ఉంటుంది. ఎడిటరు ముప్పై ఏళ్ళ అమ్మాయి, మాట తక్కువ మనిషి. మంగళవారం మధ్యాహ్నం ఆవిడ మొదటి సీనునీ ఆఖరి సీనునీ పక్కపక్కన పెట్టి చూస్తోంది. డైరెక్టరు వెనక కుర్చీలో కూర్చుని మీసాలు రెండింటినీ పోల్చుకుని మురిసిపోతున్నాడు.

"సార్, ఈ పాప ఎవరు?"

"మా అమ్మాయి."

"మరి ఈ అమ్మాయి?"

"మా అమ్మాయే."

"అంటే మీకు ఇద్దరా సార్?"

"ఒక్కతేనమ్మా. ఎందుకలా అడుగుతున్నావు?"

ఎడిటరు పెన్సిలు తీసుకుని తెరమీద చూపించింది. ఎడమవైపు బొమ్మలో తండ్రి విసురుగా వెళ్ళిపోతున్నాడు, తలుపు వెయ్యడానికి పాప మునివేళ్ళమీద లేచి గడియ అందుకుంటోంది. కుడివైపు బొమ్మలో అదే తలుపు, అదే గడియ. గడియ ఆ అమ్మాయి భుజం దగ్గరుంది. నెత్తి వాళ్ళ మామయ్య మీసం దాకా వచ్చింది. పన్నెండుసార్లు డైరెక్టరు కన్ను ఎక్కడైతే ఉందో సరిగ్గా దానికి బెత్తెడు దూరంలో.

"ఉదయం తొమ్మిదేళ్ళ పిల్ల, సాయంత్రానికి పదిహేనేళ్ళ పిల్ల అయింది సార్," అంది ఎడిటరు. ఆవిడ ఆ రోజు మాట్లాడిన అన్నిటిలోకీ పెద్ద వాక్యం అది.

డైరెక్టరు చాలాసేపు చూశాడు. కప్పు పిడి కిటికీవైపే ఉంది. కర్టెను మూడు మడతలూ ఉన్నాయి. సోఫా చిరుగు చెక్కు చెదరలేదు.

"'ఆరేళ్ళ తరువాత' అని ఒక కార్డు వేద్దామా సార్?"

"వెయ్యొచ్చు. కానీ బల్లమీద టీ అలాగే ఉందమ్మా. ఆరేళ్ళుగా ఆ కప్పు ఎవరూ కడగలేదంటే ఆ ఇల్లాలిని ఏమనుకుంటారు? ఆ ఇల్లాలు నా భార్య."

ఇంటికొచ్చేసరికి భార్య ఆన్సరు పేపర్లు దిద్దుకుంటోంది. ఆయన గుమ్మంలో నిలబడి, పాఠం అప్పజెప్పలేని పిల్లాడిలా, "ఏమోయ్, ఆ పుస్తకం ఒకసారి ఇస్తావా?" అన్నాడు.

ఆవిడ ఇచ్చింది. ఆయన మొదటిసారి దాన్ని తన చేతుల్లో పట్టుకుని చదివాడు. ఆరేళ్ళూ తను అడిగిన గళ్ళు ఆవిడ చదివింది. అడగని గడి ఒకటి ప్రతి పేజీలోనూ కుడివైపు చివర ఉంది. మొదటి పేజీ: "పాప: నెత్తి గడియకి జానెడు కింద." పదిహేడో పేజీ: "పాప: నెత్తి గడియకి సరిగ్గా. గౌను రెండోసారి కుట్టాను." ఇరవై రెండు: "పాప: గడియ దాటింది, నాలుగు వేళ్ళు. జడలు వద్దంటోంది, బతిమాలాను." మొన్నటి ఆదివారం: "పాప: గడియ భుజం దగ్గర. గౌను నాలుగోసారి. గుడ్డ తాను అయిపోయింది, ఇంక ముక్క లేదు."

"గౌను... నాలుగుసార్లు కుట్టావా?"

"మరి? తొమ్మిదేళ్ళప్పటి గౌను పదిహేనేళ్ళకి పడుతుందా? మొదటిరోజే తాను మొత్తం కొనేశాను. మీ సినిమా సంగతి నాకు తెలియదేంటి?"

"మరి నాకు చెప్పలేదే!"

"రాశాను కదండీ. ఏదీ వదలొద్దన్నారు, వదల్లేదు. మీరేమో కప్పు అడిగారు, కర్టెను అడిగారు. పిల్లని ఎప్పుడైనా అడిగారా?" ఆవిడ ఒక తప్పుకి సున్నా చుట్టి, కలం ఎత్తింది. "అయినా ఇంట్లో అన్నిటినీ ఆరేళ్ళు కదలకుండా కూర్చోబెట్టారు. నన్నూ, తమ్ముణ్ణీ, సోఫానీ. అది ఒక్కతే మీ మాట వినలేదు."

గడువుకి ఇంకా పన్నెండు రోజులుంది. ఆ పన్నెండు రోజుల్లో మొదటి రెండూ డైరెక్టరు చేసిన ప్రయత్నాలు చెప్పుకుంటే ఆయనకే మంచిది కాదు గానీ, చెప్పుకోక తప్పదు. సాయంత్రం బ్యాంకు నుంచి బావమరిదిని రప్పించి, గౌను వేసుకున్న కూతుర్ని పిలిచి, మోకాళ్ళమీద నడుచుకుంటూ వచ్చి తలుపు తియ్యగలవా అని అడిగాడు.

"ఎందుకు నాన్నా?"

"కొంచెం... చిన్నగా కనిపిస్తావని."

"మోకాళ్ళు కనపడవా?"

"నడుము దాకానే తీస్తాను."

"మరి మామయ్య?"

"ఆయన స్టూలెక్కుతాడు."

కూతురు తండ్రి మీద జాలిపడి ఒకసారి చేసి కూడా చూపించింది. మోకాళ్ళమీద వచ్చి, తలుపు తీసి, స్టూలెక్కి నిలబడ్డ మామయ్యని చూసింది. మామయ్య మీసం ఎడమ కొన లేచింది. పిల్ల పకపకా నవ్వి అక్కడే నేలమీద దొర్లింది. స్టూలుమీద మామయ్య నవ్వాపుకోలేక తలుపు పట్టుకున్నాడు. ఆన్సరు పేపర్లతో సహా టీచరుగారు వచ్చి చూసి, "తడి నేలమీద పరిగెత్తకూడదని వీడియో తీస్తారు గానీ, నా తమ్ముణ్ణి స్టూలెక్కిస్తారా?" అంది. ఫ్రిజ్జు ఒక్కటే నిశ్శబ్దంగా ఉంది.

తరవాత, ఎదురింటివాళ్ళ చిన్నమ్మాయి అప్పటి మన పాప ఎత్తులో ఉంటుంది కదా, వెనకనుంచి తీస్తే, అని మొదలుపెట్టాడు. కూతురు నవ్వడం ఆపేసింది.

"తియ్యి నాన్నా. కానీ సినిమాలో ఆయన తిరిగొచ్చింది వాళ్ళ అమ్మాయి కోసం కాదుగా."

డైరెక్టరు స్టూలు వంటింట్లో పెట్టాడు. కూతురు లోపలికి వెళ్ళి గౌను విప్పేసి, జడలు విప్పుకుని, మామూలు బట్టల్లో వచ్చి సోఫాలో కూర్చుంది. ఆయన ఆ పిల్లని చూస్తూ కూర్చున్నాడు. ఎంతసేపు చూశాడంటే, "ఏంటి నాన్నా, మొహానికేమైనా అంటిందా?" అని అడిగింది.

"ఏమీ లేదు. గడియ దగ్గర ఒకసారి నిలబడమ్మా."

నిలబడింది. ఆయన కెమెరా తియ్యలేదు. పుస్తకం తెరిచి, ముప్పై నాలుగో పేజీ చివరి గడిలో తన చేత్తో ఏదో రాసుకున్నాడు. ఏం రాశాడో భార్య కూడా అడగలేదు.

మర్నాడు ఎడిటరుకి ఫోను చేశాడు. "కార్డూ వద్దు, కత్తిరించడమూ వద్దు. ఉన్నదున్నట్టు పంపించమ్మా."

"నవ్వుతారు సార్."

"లిఫ్టుకీ నవ్వారు."

ప్రదర్శన రోజున నలుగురూ పక్క ఊరికి బస్సులో వెళ్ళారు. బయల్దేరే ముందు టీచరుగారు నీలం కర్టెను దించి, మడతపెట్టి, పాత బట్టల సంచిలో పడేసింది. మూడు మడతలు పెట్టిందా నాలుగా అని ఎవరూ లెక్కపెట్టలేదు. బావమరిదికి సొంత మీసం మళ్ళీ మొలుస్తోంది. చూసినవాళ్ళు పలకరించకుండా జాలిగా తప్పుకునే దశలో ఉంది అది.

హాల్లో యాభై కుర్చీలుంటే ముప్పై ఏడు నిండాయి. డైరెక్టరు లెక్కపెట్టుకున్నాడు, తమ నలుగుర్ని తీసేసి ముప్పై మూడు, ఇది రికార్డు. సినిమా నడిచింది. హీరో అలిగాడు, తిరిగాడు. సాయంత్రమైంది. తలుపు తెరుచుకుంది. నాలుగో వరసలో ఎవరో కిసుక్కుమన్నారు. ఆ నవ్వు సగంలో ఆగిపోయింది. తెరమీద పొడుగాటి పిల్ల, పొట్టిగా ఉండాల్సిన గౌనులో, ఏమీ అడగకుండా పక్కకి జరిగి దారి ఇచ్చింది. బల్లమీద సగం టీ ఉంది. డైరెక్టరు పక్క సీట్లో ఆయన భార్య కళ్ళజోడు తీసి పైటతో తుడుచుకుంది. అద్దాలు శుభ్రంగానే ఉన్నాయి.

లైట్లు వెలిగాక డైరెక్టర్ని ముందుకి పిలిచారు. ఎవరైనా ఏమైనా అడగొచ్చు అన్నారు. రెండో వరసలోంచి ఒక పెద్దాయన లేచాడు. రిటైరైన సర్వేయరట. ముప్పై ఏళ్ళు పొలాల గట్లు కొలిచినవాడు, చేతిలో చీటీ కూడా ఉంది.

"ఏవండీ డైరెక్టరుగారూ, నేనొకటి అడుగుతాను, ఏమీ అనుకోవద్దు. కప్పు కదల్లేదు, కర్టెను కదల్లేదు, అన్నీ గమనించాను, చాలా శ్రద్ధగా తీశారు. కానీ ఆ పిల్ల పొద్దున గడియ అందీ అందనంత ఉంది, సాయంత్రానికి రెండు జానలు పెరిగింది. డబ్బులు పెట్టి బస్సెక్కి వచ్చినవాళ్ళం, మాకే కనబడింది. తీసినవారు, ఆరేళ్ళు దగ్గరుండి తీశారట, మీకు ఆ మాత్రం కనబడలేదా?"

డైరెక్టరు మైకు పట్టుకుని ఒక్క క్షణం మూడో వరసలో కూర్చున్న కూతురివైపు చూశాడు.

"కనబడలేదండీ, నేనుండేది ఆ ఇంట్లోనే."